చలనచిత్రములందు రోమక దిగ్విజయము

ప్రాచీన రోమక చరిత్రను ఇతివృత్తముగా గ్రహించిన చలనచిత్రములను గూర్చి వెలువడు విమర్శ సాధారణముగ రెండు మార్గములలో నడచుచున్నది. మొదటిది దోషాన్వేషణము. సైనికుని శిరస్త్రాణము ఆ శతాబ్దమునకు చెందినదా, ఫలానా చక్రవర్తి ఫలానా చోటనే మరణించెనా అని ఈ విమర్శ ప్రశ్నించును. రెండవది సమకాలీనాన్వయము. చిత్రము ఏ దేశమున ఏ సంవత్సరమున నిర్మితమైనదో చూచి, అందలి రోము నిజమునకు రోము కాదనియు, నిర్మాతల నాటి ఇటలీయో అమెరికాయో అనియు ఈ విమర్శ నిరూపించును. రెండింటి వలనను ప్రయోజనము లేకపోలేదు. అయినను ఒక ప్రశ్న ఈ రెండింటికిని చిక్కక మిగిలిపోవుచున్నది. ఒక నగరము మధ్యధరా సముద్రము చుట్టునున్న దేశముల నన్నింటిని తనవిగా చేసికొన్న వ్యవహారము ఎట్టిది? అందు ఏ భాగమును చలనచిత్రము చూపుచున్నది, ఏ భాగమును విడుచుచున్నది? ఈ వ్యాసమున మేము పరిశీలింపదలచినది ఈ ప్రశ్నను.

ఇది చలనచిత్ర ప్రియులకు మాత్రమే చెందిన ప్రశ్న కాదు. రోమును గూర్చి చదువని వారు సైతము రోమును చూచియున్నారు. గ్రంథము తెరచుటకు ముందే విద్యార్థి మనస్సున సామ్రాజ్యమనగా ఇట్టిదని ఒక రూపము ఏర్పడియుండును. దానిని ఏర్పరచినది చాలవరకు తెర. అదియుగాక, 1947 వరకు మన దేశమును ఒక సామ్రాజ్యమునకు లోబడియుండినదే. సామ్రాజ్యమనగా ఒకనాటి యుద్ధము కాదనియు, భూమిశిస్తు, కొలత గొలుసు, కచేరీ, చెరసాల అనియు మన పూర్వులు అనుభవమున నెరిగిరి. అట్టి వారి సంతతియైన మనము తెరపై రోమక సేన కదలగానే దాని పక్షమున నిలిచి చూచుటకు అలవాటు పడితిమి. ఈ అలవాటు పరీక్షింపదగినది.

ముందుగా పరిభాషను నిర్ణయించుకొందము. మన కావ్యములలో దిగ్విజయ వర్ణనము కొత్తది కాదు. కాళిదాసు రఘువంశ చతుర్థ సర్గమున రఘువుచే నలుదిక్కులను జయింపజేసెను. అయితే కళింగ రాజగు మహేంద్రనాథుని పట్టి విడిచిన సందర్భమున, ధర్మవిజయి యగు రఘువు అతని సంపదను గ్రహించెనే గాని భూమిని గ్రహింపలేదని కవి స్పష్టపరచెను. కౌటిల్యుడు విజేతలను ధర్మవిజయి, లోభవిజయి, అసురవిజయి అని మూడు తెగలుగా విభజించినదియు ఇట్టి భేదమును బట్టియే. కావున శత్రువును ఓడించుట ఒకటి, అతని భూమిని గ్రహించుట వేరొకటి. మొదటిదానిని ఇచట జయమనియు, రెండవదానిని గ్రహణమనియు పేర్కొందుము.

రోము గొప్పతనము జయమునందు లేదు. ఆ నగరము పెక్కు యుద్ధములలో ఓడినది, క్రీ.పూ. 216లో కానే యొద్ద హన్నిబాలు చేతిలో దాని సేన నిర్మూలమైనది. రోమును సామ్రాజ్యముగా మార్చినది గ్రహణము. క్రీ.పూ. 241లో మొదటి ప్యూనిక్ యుద్ధము ముగియగా సిసిలీ దానికి చిక్కినది. అదియే రోము తొలి పరదేశ రాష్ట్రము. ఆ ద్వీపపు రైతులు పండిన ధాన్యములో పదియవ వంతు రోమునకు చెల్లింపవలసివచ్చినది. ఆ వసూళ్లలో ఎంతటి దోపిడి సాగెనో, క్రీ.పూ. 70లో వెర్రెస్ అను పాలకునిపై సిసెరో నడపిన అభియోగము తెలుపుచున్నది. జయమునకు ఒక దినము చాలును. గ్రహణమునకు తరములు పట్టును.

ఇక రంగస్థల ధర్మమును గూర్చి ఒక మాట. యుద్ధము, రాజ్యభ్రంశము, మరణము, నగర ముట్టడి అనువానిని అంకమున ప్రత్యక్షముగ చూపక ప్రవేశకముల ద్వారా తెలుపవలెనని భరతుని నియమము. భాసుడు ఊరుభంగమున దుర్యోధనుని మరణమును రంగముననే చూపి ఈ నియమమును దాటినాడు. అయినను నియమములోని ఉద్దేశము గ్రాహ్యమే. రంగముపై కొలదిమంది నటులు కత్తులు ఝళిపించినంత మాత్రమున యుద్ధము కాజాలదు. దాని ఫలము మాత్రము రంగమునకు పట్టును. కావుననే నాటకకర్త యుద్ధమును మాటతో సూచించి, దాని వలన మనుష్యులు ఏమైరో కన్నులకు చూపును. చలనచిత్రము వచ్చి ఈ క్రమమును తలక్రిందులు చేసినది. వేలమంది సైనికులను చూపు శక్తి లభించుటచే అది యుద్ధమును అంకమునకు తెచ్చినది. రాజ్యభ్రంశమును, దాని ఫలమును వ్యాఖ్యాత పలుకు నాలుగు వాక్యములకు, అనగా ప్రవేశకమునకు నెట్టివేసినది. ఇదియే ఈ వ్యాసమున మేము ప్రతిపాదించు విషయము.

దృశ్యకళకు యుద్ధమును తప్ప వేరొకదానిని చూపుట సాధ్యము కాదేమో అని ఒకరు అడుగవచ్చును. దీనికి సమాధానము రోములోనే నిలిచియున్నది. క్రీ.శ. 101-102లోను, 105-106లోను ట్రాజన్ చక్రవర్తి డాన్యూబు నదికి ఉత్తరమున డేసియా రాజ్యముపై జరపిన యుద్ధముల జ్ఞాపకార్థము 113లో ఒక స్తంభము ప్రతిష్ఠింపబడినది. దానిని చుట్టుకొని క్రిందినుండి పైకి పోవు శిల్పపట్టిక సుమారు 200 మీటర్ల పొడవు గలది. పండితులు దానిని 155 దృశ్యములుగా విభజించిరి; అందు 2,600కు పైగా మానవ రూపములు కలవు. ఒక దృశ్యమునుండి మరియొక దృశ్యమునకు ఎడతెగక సాగు ఈ పట్టికను చలనచిత్రమునకు పూర్వరూపమని పలువురు భావించుటలో వింత లేదు.

ఆ పట్టికలో యుద్ధములు కలవు. కాని వానికంటె మిక్కిలిగా కనబడునవి వేరు. సైనికులు చెట్లు నరకుచున్నారు, మట్టి మోయుచున్నారు, కోటగోడలు కట్టుచున్నారు, నది దాటుచున్నారు. డమస్కస్ వాడైన అపొల్లొడోరస్ నిర్మించిన డాన్యూబు వంతెన అందు కలదు. చక్రవర్తి బలి యిచ్చుచున్నాడు, సేనతో ప్రసంగించుచున్నాడు, రాయబారులను గ్రహించుచున్నాడు. ఒక చోట గ్రామము తగులబడుచున్నది. తుదకు డేసియా రాజగు డెసిబలస్ పట్టుబడకుండ తన కంఠమును తానే కోసికొనుచున్నాడు. పట్టికకు చివర ఉన్నది విజయోత్సవము కాదు; మూటలతో, పశువులతో నడచిపోవు జనము. వారు నేలను విడిచిపోవు డేసియనులా, మరెవ్వరైననా అను విషయమున పండితులలో ఏకాభిప్రాయము లేదు. అయినను శిల్పి తన దీర్ఘకథను మనుష్యుల స్థానచలనముతో ముగించెననుట స్పష్టము.

ఈ స్తంభము నిష్పక్షపాత సాక్షి యని మేము చెప్పుట లేదు. అది విజేత తన నగరమున తనకై నిలుపుకొన్నది. డేసియా బంగారు గనులుగాని, అమ్ముడుపోయిన బందీలుగాని అందు లేరు. అట్టి రాజప్రశస్తి సైతము గ్రహణము శ్రమతో కూడిన దీర్ఘ వ్యవహారమని అంగీకరించినది. సామ్రాజ్యమును విమర్శింపబూనిన నేటి చిత్రములలో పెక్కింటికి ఆ మాత్రపు అంగీకారమైనను కరవైనది. స్తంభమును కొలతబద్దగా గ్రహించి కొన్ని చిత్రములను పరిశీలింతము.

జియోవాని పాస్త్రోనె 1914లో నిర్మించిన ‘కబీరియా’ ఈ తెగలో మొదట చెప్పదగినది. 1911-12లో ఇటలీ లిబియాను ఆక్రమించిన పిమ్మట రెండేండ్లకే వెలువడిన ఈ చిత్రమున కథాకాలము రెండవ ప్యూనిక్ యుద్ధకాలము. సిసిలీకి చెందిన కబీరియా అను బాలికను సముద్రపు దొంగలు ఎత్తుకొనిపోయి కార్తేజిలో అమ్ముదురు. అచట ఆమెను మొలోకు దేవతకు ఆహుతి చేయబోవుచుండగా రోమకుడొకడు, అతని బానిస మాసిస్తెయు కాపాడుదురు. ఈ కథా సంవిధానమున ఒక విశేషము కలదు. మనుష్యుని ఎత్తుకొనిపోవుట, అమ్ముట, చంపుట అను గ్రహణ కార్యములన్నియు ఇచట కార్తేజికి ఆరోపింపబడినవి. రోము చేయునది రక్షణము మాత్రమే. రక్షకుని ప్రక్కన ఉన్న బానిస ఏ దేశపు యుద్ధములో పట్టుబడినవాడో అడుగుటకు ప్రేక్షకునకు అవకాశమే లేదు. చిత్రము అద్భుత నిర్మాణము. చక్రములపై కదలు కెమెరాను పాస్త్రోనె ఉపయోగించిన తీరు చలనచిత్ర కళకే మేలు చేసినది. అయినను ఆక్రమణకు రక్షణమను పేరు పెట్టు మార్గమును తెరపై పరచినదియు ఇదియే.

ఈ మార్గము రాజమార్గమైనది 1937లో. ఇటలీ 1935 అక్టోబరులో ఇథియోపియాపై దండెత్తి 1936 మేలో సామ్రాజ్యమును ప్రకటించుకొన్నది. మరుసటి సంవత్సరము కార్మినె గల్లోనె దర్శకత్వమున, ప్రభుత్వ పోషణతో, ‘స్కిపియోనె లాఫ్రికానో’ వెలువడి వెనిస్ ఉత్సవమున ముస్సోలినీ పేరిట ఇచ్చు బహుమానమును పొందినది. క్రీ.పూ. 202లో జామా యొద్ద స్కిపియో హన్నిబాలును ఓడించుట ఇందలి ఇతివృత్తము. కానే పరాభవమునకు ప్రతీకారముగా కథ మొదలగును. ఏనుగులతో, ఇటలీ సేననుండి తెచ్చిన వేలాది సైనికులతో జామా యుద్ధము సాగును. తుదకు స్కిపియో తన పల్లె ఇంటికి మరలి, ధాన్యమును చేతబట్టి, మరునాడు విత్తనములు చల్లుదమను భావముతో పలుకగా చిత్రము ముగియును.

ఈ ముగింపు మిక్కిలి విచారింపదగినది. యోధుడు నాగలికి మరలుట గొప్ప ఆదర్శమే. కాని యుద్ధానంతరము జరిగిన దేమి? కార్తేజి తన నౌకలలో పదింటిని మాత్రము మిగుల్చుకొని తక్కినవి అప్పగింపవలసివచ్చినది, యుద్ధపుటేనుగులను అప్పగింపవలసివచ్చినది, 50 సంవత్సరములలో 10,000 టాలెంటుల వెండి చెల్లింపవలసివచ్చినది, రోము అనుమతి లేక యుద్ధము చేయు హక్కును కోల్పోయినది. ఆ గడువు తీరిన కొలది కాలమునకే, క్రీ.పూ. 146లో, రోము ఆ నగరమును నేలమట్టము చేసి, మిగిలిన ప్రజలను బానిసలుగా అమ్మి, ఆ భూమిని ఆఫ్రికా అను పేర తన రాష్ట్రముగా చేసికొన్నది. ఆ పిమ్మట ఉత్తరాఫ్రికా గోధుమలే రోము నగరమునకు ముఖ్యాహారమైనవి. కావున స్కిపియో చేతిలోని ధాన్యము నిర్దోషమైన చిహ్నము కాదు. సిసిలీనుండి దశమ భాగముగాను, తరువాత ఆఫ్రికానుండి, ఈజిప్టునుండి శిస్తుగాను రోమునకు వచ్చినది ధాన్యమే. గ్రహణ ఫలమును చిత్రము స్వయంకృషి ఫలముగా చూపినది. యుద్ధమును అతిశయించి చూపుటకంటె ఈ తారుమారు ప్రమాదకరము; ఏలన, యుద్ధమును చూచి సందేహించువాడు సైతము ధాన్యమును చూచి సందేహింపడు.

1960లో వచ్చిన స్టాన్లీ కుబ్రిక్ ‘స్పార్టకస్’ ఇందుకు ప్రతిపక్షమున నిలిచిన చిత్రము. క్రీ.పూ. 73-71లో ఇటలీని గడగడలాడించిన బానిసల తిరుగుబాటు దీని ఇతివృత్తము. నాయకుడు జితుడు, విజేత ప్రతినాయకుడు. ఇంతటి సాహసము చేసిన చిత్రము ఒక చోట మాత్రము పాత దారినే త్రొక్కినది. ప్రారంభమున వ్యాఖ్యాత పలుకు మాటలను బట్టి, రోము జయించిన థ్రేసు రాష్ట్రమున ఒక బానిస స్త్రీకి స్పార్టకస్ జన్మించెను. బాల్యముననే గనులకు అమ్మబడెను. థ్రేసు రోమక రాష్ట్రమైనది క్రీ.శ. 46లో, అనగా తిరుగుబాటునకు శతాబ్దము దాటిన పిమ్మట. స్పార్టకస్ తొలుత రోమక సేనలో పనిచేసి, పిదప బందీయై అమ్ముడుపోయెనని ప్రాచీన చరిత్రకారుడగు అప్పియన్ వ్రాసెను. మేము దీనిని దోషాన్వేషణ బుద్ధితో ఎత్తిచూపుట లేదు. స్వతంత్రుడు బానిసగా మారు క్షణమే గ్రహణమునకు ప్రాణము. ఆ క్షణమును చిత్రము పుట్టుకగా మార్చి, దానిని సైతము ప్రవేశకములో ముగించినది. బానిసత్వమును ఇంత తీవ్రముగా ఖండించిన చిత్రమున బానిసలు ఎచటినుండి వచ్చుచున్నారో తెలియకపోవుట చింతింపదగినది.

అయినను ఈ చిత్రమునకు ఒక గొప్ప గుణము కలదు. తుది యుద్ధముతో అది ముగియదు. స్పెయిను సేననుండి తెచ్చిన సుమారు 8,000 మంది సైనికులతో తీసిన ఆ యుద్ధమున రోమక దళములు దూరమునుండి చదరంగపు గడులవలె కదలివచ్చు దృశ్యము ప్రసిద్ధము. దానికంటె గొప్పది తరువాతిది. చంటిబిడ్డలతో స్త్రీలు, వృద్ధులు, యోధులు కలగలసి పడియున్న నేలపై క్రాసస్ నడచును. పిదప ఆప్పియస్ రాజమార్గము పొడవున శిలువలు. భారతము యుద్ధపర్వములతో ముగియక స్త్రీపర్వమును గలిగియుండుటలోని ఔచిత్యమును తిక్కన పాఠకులకు వేరుగ చెప్పనక్కరలేదు. కురుక్షేత్రమును గాంధారి చూచిన పిమ్మట గాని మనకు ఆ యుద్ధము పూర్తిగ అర్థము కాదు. కుబ్రిక్ చిత్రమున వీరము కరుణమునకు లోబడిన ఆ కొలది నిమిషములు ఇట్టి ఔచిత్యమునకు చెందినవి.

ఆంథొని మాన్ 1964లో తీసిన ‘ది ఫాల్ ఆఫ్ ది రోమన్ ఎంపైర్’ ప్రేక్షకాదరణము పొందక నిర్మాతను ముంచినది. కాని మా ప్రశ్నకు దగ్గరగా వచ్చిన చిత్రము ఇదియే. మాడ్రిడ్ సమీపమున కట్టిన బ్రహ్మాండమైన రోము నగరశాల కొరకే దీనిని స్మరించువారు కలరు. అంతకంటె స్మరింపదగినవి ఇందలి చర్చలు. ఓడిన జర్మను జాతులను ఏమి చేయవలెను? సంహరింపవలెనా, బానిసలుగా అమ్మవలెనా, భూమి నిచ్చి పౌరులుగా చేయవలెనా? సభలో వాదము జరుగును, జర్మనుల గ్రామము వెలయును, తరువాత నాశనమగును. తూర్పు రాష్ట్రములపై పన్నుల భారము పెరుగుటచే అవి తిరుగబడును. పన్నును కథాకారణముగా చేసిన రోమక చిత్రములు అరుదు. ఈ చిత్రములోని లోపము వేరొకటి. ఇందు మార్కస్ అరీలియస్ శాంతిమూర్తి. యుద్ధము అతనిపై పడిన విధి. ఆ చక్రవర్తి స్మారకముగా రోములో మరియొక స్తంభము కలదు. దానిపై గ్రామములు కాలుచున్నవి, స్త్రీలు ఈడ్వబడుచున్నారు, బందీల శిరస్సులు తెగుచున్నవి. తత్త్వజ్ఞుని స్తంభము ట్రాజను స్తంభముకంటె క్రూరమైనది. శిల్పి దాచని దానిని చిత్రము దాచినది.

రిడ్లీ స్కాట్ 2000లో నిర్మించిన ‘గ్లాడియేటర్’ ఇదే కాలమును, ఇదే చక్రవర్తిని గ్రహించినది. క్రీ.శ. 180లో జర్మను అడవి అంచున జరుగు యుద్ధముతో చిత్రము ప్రారంభమగును. నిప్పుబాణములు, రాళ్లు విసరు యంత్రములు, కాలుచున్న చెట్లు, వీనినడుమ రోమక సేన క్రమశిక్షణ ప్రేక్షకుని పూనకము వచ్చినట్లు ఊపివేయును. ఆ వెంటనే వృద్ధ చక్రవర్తి తన పాలనమంతయు రక్తపాతమయ్యెనని విచారపడును. ప్రేక్షకుడు మొదట జయమును అనుభవించి, వెనువెంటనే పశ్చాత్తాపమును అనుభవించి, రెండింటిచేతను తృప్తుడగును. ఓడినవారు ఏమైరో చూపవలసిన చోట చక్రవర్తి విచారము నిలిచి, ఆ ప్రశ్నను తొలగించినది. ఆ జర్మను యోధులు అడవినుండి చేయు రణఘోష 1964 నాటి ‘జూలూ’ అను చిత్రమునందలి జూలూ యోధుల రణఘోషయే. ఒక సామ్రాజ్యమునకు ఎదురొడ్డిన ఆఫ్రికా జాతి కంఠమును తెచ్చి, వేరొక సామ్రాజ్యమునకు ఎదురొడ్డిన ఐరోపా జాతి నోట పెట్టిరి. శత్రువునకు తనదైన గొంతు అనవసరమని ఇంతకంటె స్పష్టముగ చెప్పుట కష్టము.

ఈ చిత్రముననే మరియొక అంశము కలదు. నాయకుడగు మాక్సిమస్ స్పెయిను దేశీయుడు. గోధుమ చేనిపై అతని చేయి నిమురుకొనిపోవుట చిత్రమునకు ఆద్య దృశ్యము. 1937 నాటి స్కిపియో ధాన్యమే మరల మొలకెత్తినది. స్పెయినును లోబరచుకొనుటకు రోమునకు క్రీ.పూ. 218 నుండి క్రీ.పూ. 19 వరకు, ఇంచుమించు రెండు శతాబ్దములు పట్టినది. మాక్సిమస్ జితుల భూమిపై వెలసిన ఇంటివాడు. నేడు వేరొక జాతిని జయించుటకు వచ్చినవాడు. జితుడు విజేతగా మారిన ఈ పరిణామమే రోమక విస్తరణములోని పరమ రహస్యము. చిత్రము దానిని చేతబట్టియు గుర్తింపలేదు. 2024లో అదే దర్శకుడు తీసిన ‘గ్లాడియేటర్ II’ ముట్టడింపబడు నగరపు గోడలపై నాయకుని నిలిపి, అతడు బందీయగుటను ప్రత్యక్షముగ చూపినది, ఇది ప్రశంసనీయము. అయితే మూడవ శతాబ్దారంభమున రోము ఆక్రమించినట్లు చూపబడిన ఆ నుమిడియా, క్రీ.పూ. 46 నుండియే రోమక భూమి. బందీ ఎట్లు పుట్టునో చూపుటకు కల్పిత గ్రహణము కావలసివచ్చినది. వాస్తవ గ్రహణములు ఇంకను ప్రవేశకముననే ఉన్నవి.

విజేతల చిత్రములు ఇట్లుండగా, జితుల వంశీయులమని చెప్పుకొనువారు తీసిన చిత్రములు ఎట్లున్నవి? రుమేనియాలో సెర్జియు నికొలాయెస్కు 1967లో ‘దాచీ’ని, మిర్చా ద్రగాన్ 1968లో ‘కొలుమ్నా’ను నిర్మించిరి. మొదటిది డొమిషియన్ కాలపు దండయాత్రకు డెసిబలస్ ఎదురు నిలుచుటను చూపును. ఇందు శత్రువునకు గొంతు కలదు, రాజనీతి కలదు, కుటుంబము కలదు. రెండవ చిత్రపు పేరునకు స్తంభమని అర్థము. పైన మేము కొలతబద్దగా గ్రహించిన ట్రాజను స్తంభమే అది. యుద్ధము ముగిసిన పిమ్మట ఏమి జరిగెనను ప్రశ్నతో మొదలగు ఈ చిత్రము మా అభిప్రాయమున సరియైన చోట మొదలైనది. అయితే సమాధానము వివాహము. రోమక సేనానికిని డేసియా స్త్రీకిని కలిగిన సంబంధమునుండి నూతన జాతి ఉద్భవించుచున్నదని చిత్రము సూచించును. రుమేనియనుల భాష లాటినునుండి పుట్టినది కావున ఈ కల్పనకు ఆధారము లేకపోలేదు. కాని అదే భూమిలో మరియొక సాక్ష్యము దొరికినది. నేటి రోషియా మొంటానా యొద్ద రోమక బంగారు గనులలో మైనపు పలకలపై వ్రాసిన ఒప్పందములు బయటపడినవి, అవి క్రీ.శ. 131 మొదలు 167 వరకు గల కాలమునకు చెందినవి. వానిలో ఒకటి 139లో సుమారు ఆరేండ్ల పస్సియ అను బాలికను 205 దెనారీలకు అమ్మిన పత్రము. పస్సియ ఏ జాతిదో అందు ముఖ్యము కాదు. డేసియా యుద్ధము ముగిసిన 33 ఏండ్లకు ఆ నేలపై మనుష్యుని వెలకట్టు పద్ధతి, సాక్షులు, ముద్రలు, పత్రభాష అన్నియు రోమువే. గ్రహణమునకు పూర్ణరూపము ఇది. జాతీయాభిమానముతో తీసిన చిత్రమునకును పెండ్లి కనబడినది గాని పత్రము కనబడలేదు.

ఇచట ఒక ఆక్షేపణ రావచ్చును. చలనచిత్రము రెండు మూడు గంటల కళ. భూమి కొలుచుట, పన్ను వసూలు, క్రయపత్రము అనువానిని చూపినచో రసనిష్పత్తి ఎట్లని అడుగవచ్చును. వీరమునకు ఉత్సాహము స్థాయి. ఉత్సాహమునకు యుద్ధము తగిన ఆలంబనమని వాదింపవచ్చును. దీనికి మా సమాధానము రెండు విధములు. మొదటిది, ఆరేండ్ల బాలికను అమ్ము దృశ్యమున రసము లేదనువాడు రసమెరుగడు. రెండవది, యుద్ధదృశ్యముల ప్రాచుర్యమునకు కళాకారణము ఒక్కటియే కాదు. 1937లో ఇటలీ ప్రభుత్వము తన సైనికులను ఇచ్చినది. 1960 నాటి చిత్రమునకు స్పెయిను తన సైనికులను ఇచ్చినది. సేన గల ప్రభుత్వము చిత్రనిర్మాతకు సేనను ఎరువిచ్చును. శిస్తు వసూలును, చెరను, సంతను చూపుటకు ఏ ప్రభుత్వమును తన మనుష్యులను ఎరువివ్వదు. తెరపై ఏది బ్రహ్మాండమైనదో ఏది సామాన్యమైనదో నిర్ణయించుటలో ఈ లౌకిక కారణమునకును పాలు కలదు.

కావున ఇట్టి చిత్రములను పరిశోధించు విద్యార్థులకు మూడు ప్రశ్నలను సూచింతుము. చిత్రము జయముతో ముగియుచున్నదా, గ్రహణము వరకు సాగుచున్నదా? ఓడినవానికి సొంత గొంతు కలదా, ఎరువు తెచ్చిన గొంతా? తెరపై కనబడు సుభిక్షము, అనగా ధాన్యము, పాలరాయి, స్నానశాల, ఎవరి శ్రమ ఫలమో చిత్రము తెలుపుచున్నదా? శిరస్త్రాణము తప్పైనను ఈ మూడింటికి నిజాయితీతో బదులు చెప్పు చిత్రము చరిత్రకు దగ్గరది. శిరస్త్రాణము సరిగా ఉండియు వీనిని తప్పించుకొనునది ప్రశస్తికి దగ్గరది. ఈ కొలతను బట్టి చూడగా, ‘ది ఫాల్ ఆఫ్ ది రోమన్ ఎంపైర్’ తన లోపములతోనే ‘గ్లాడియేటర్’ కంటె ఉన్నత స్థానమునకు అర్హము. ‘స్పార్టకస్’ తన తుది భాగముచేత రెండింటికంటెను అర్హము.

రోము పతనమై శతాబ్దములు గడచినవి. దాని సేనల నడక మాత్రము తెరపై ఆగలేదు. ఆ నడకను చూచి ఆనందించుట తప్పని మేము చెప్పము. కళ చూపిన దానిని కన్ను చూడకుండ ఉండజాలదు. అయితే సేన ముందుకు సాగిపోయిన పిమ్మట ఆ బాటలో మిగిలినవారెవరో చూచుటకు విమర్శకుడు అచటనే కొంతసేపు నిలువవలెను. ఆ నిలుచుటయే అతని పని.